ఫైలుకు ప్రవర అడిగిన వరలక్ష్మి గారు

వాక్కుకు తల్లియైన దేవికి మ్రొక్కి, నా కలము తప్పిన చోట మన్నింపుమని ముందుగానే వేడుకొని, విశ్వావసు నామ సంవత్సర మాఘ శుద్ధ పంచమీ శుక్రవారము నాడు అమలాపురంలో మా ఇంటి వీధి అరుగు మీద కూర్చుండి ఈ నాలుగు మాటలు వ్రాయ మొదలుపెట్టాను. ఉదయం నుంచి గాలి కాలువ మీదుగా వీస్తున్నది. కాలువలో పీచు కోసం నానవేసిన కొబ్బరి డొక్కల వాసన, ఆ పులిసిన, బరువైన వాసన, నలుగురూ ముక్కు మూసుకొనేటట్లు చేస్తుంది. నాకు మాత్రం అది విద్యాగంధం. రాజోలులో ఒక పీచు గిడ్డంగి పైన ఇరుకు మేడగది ఉండేది. అరవై మూడేళ్ళ వయస్సులో నాకు గురువు దొరికిన చోటు అది. ఆమె పేరు వరలక్ష్మి గారు. ఆమె నాకంటె ఇరవై ఏళ్ళు చిన్న. గోదావరి సముద్రంలో కలిసే మొగ దగ్గర వలలు వేసే కుటుంబంలో పుట్టి, ఆ ఇంట మొట్టమొదట పట్టా పుచ్చుకొన్న మనిషి. ఆ మేడగదిలో కంప్యూటర్లు బాగుచేసేవారు, నేర్పేవారు.

మాది మూడు తరాలుగా పంచాంగ గణితం చేసే ఇల్లు. తాతగారు గవ్వలు పేర్చి లెక్క కట్టారు. నాన్నగారు పలక మీద కట్టారు. నేను ఇరవై ఏళ్ళు కాగితాల మీద కట్టి, కళ్ళు మసకబారిన తరువాత కంప్యూటరును ఆశ్రయించాను. దానికి కావలసిన ప్రోగ్రామును ఊళ్ళోని లెక్కల లెక్చరరు ఒకాయన, నాకు ప్రాణమిత్రుడు, నా పక్కన కూర్చుండి రెండేళ్ళు శ్రమించి వ్రాసి ఇచ్చాడు. ఆయన కాలం చేశాక, శుభకృత్ నామ సంవత్సర ఆశ్వయుజంలో, మా కంప్యూటరు ఉప్పుగాలికి లోపల తుప్పు పట్టి ప్రాణం విడిచింది. కొత్తది కొన్నాను. అమ్మిన దుకాణదారు పాతదానిలోని ప్రోగ్రామును ఇందులోకి మార్చి ఇచ్చి వెళ్ళాడు. ఇంటికి తెచ్చి మీట నొక్కితే అది తెరుచుకోలేదు. రాబోయే ఏటి పంచాంగం కార్తికం వెళ్ళేలోపల అచ్చుకు పోవాలి. మా లెక్కను నమ్మి పితృకార్యాలు నిర్ణయించుకొనే ఇళ్ళు ఈ సీమలో వేలున్నవి. చేతితో కట్టడానికి కళ్ళు లేవు, యంత్రానికి మాట లేదు. ఆ స్థితిలో ఎవరో చెప్పగా రాజోలు బస్సెక్కాను.

మేడ మీదికి ఎక్కేసరికి నాకు ఆయాసం వచ్చింది. ఆమె కుర్చీ జరిపి, మంచినీళ్ళిచ్చి అడిగారు.

"ఏవయ్యిందండీ పంతులు గారూ?"

"కొత్త కంప్యూటరులో పాత ప్రోగ్రాం తెరుచుకోవడం లేదమ్మా."

"తెరుచుకోనప్పుడు అదేవందండీ?"

"ఏదో ఇంగ్లీషులో ఒక వాక్యం వచ్చింది."

"ఆ వాక్యం ఏంటండీ?"

"చదవలేదు."

ఆమె నవ్వలేదు గాని నవ్వు కళ్ళలోకి వచ్చింది. "తమరు పాఠశాలలో సంస్కృతం చెప్పేరని విన్నానండి. మీ శిష్యుడెవరైనా వచ్చి, శ్లోకం ఏదో ఉందండీ, చదవలేదండీ అంటే ఏం చేసేవారండీ?"

"బెంచీ ఎక్కించేవాణ్ణి."

"ఇక్కడ బెంచీ లేదండి. కింద బస్సుంది. ఇంటికెళ్ళి ఆ వాక్యం ఉన్నదున్నట్టు రాసుకు రండి. చుక్క కూడా వదలకండి. ఆ కంప్యూటర్ డబ్బా కూడా పట్టుకు రండి. పాతదాన్ని పారేసేరా?"

"లేదు, మూల పడి ఉంది."

"ఆయ్, అదీ తెండి."

బస్సులో నాకు కోపం మండింది. అక్షరం తప్పితే అర్థం తప్పుతుందని నలభై ఏళ్ళు పిల్లలను గద్దించిన నేను, నా ఎదుట నిలిచిన వాక్యాన్ని చదవకుండానే యంత్రం పాడయిందని తేల్చుకొన్నాను. అమలాపురం చేరేసరికి ఆ కోపం నా వైపే తిరిగింది. ఆ సాయంకాలం భూతద్దం పట్టుకొని ఆ వాక్యాన్ని కాగితం మీదికి ఎక్కించాను. లిబ్ గణిత అని మొదలై, ఎస్, ఓ, రెండు అని ముగిసే ఒక ఫైలు పేరు అందులో ఉన్నది. దానిని తెరవలేకపోతున్నాననీ, అటువంటి ఫైలు గాని, ఫైళ్ళుండే సంచి గాని లేదనీ యంత్రం చెబుతున్నది.

మరునాడు ఆమె ఆ కాగితాన్ని నా చేతికే తిరిగి ఇచ్చారు. "ఇందులో కర్త ఎవరండీ?" అన్నారు.

"ప్రోగ్రాము. అది ఒక ఫైలును వెదుకుతున్నది. దొరకలేదు."

"అయితే పాడయ్యిందెవరు?"

నేను కాగితం మళ్ళీ చదివి, "ఎవరూ పాడవలేదు!" అన్నాను.

"ఆయ్! అదండి. పాడయ్యిందనుకున్న వాళ్ళందరూ దాన్ని తీసేసి మళ్ళీ ఎక్కిస్తారు, లేపోతే కొత్తది కొనమంటారు. మా ఊళ్ళో పెద్ద వల ఉంటుందండి. పడవకొకటి ఉండదు, ఊరంతటికీ ఒకటే. పాకలో పెడతాం, ఎవరి వంతు వాళ్ళు పట్టుకెళ్తారు. ఎవరైనా చెప్పకుండా పాక మార్చేరనుకోండి, పడవలన్నీ ఒడ్డునే. పడవకి చిల్లు పడిందా? లేదు కదా. ఈ ఫైళ్ళు అలాంటివండి. ఒక్కో ప్రోగ్రాం అన్నీ తనలో మోసుకు తిరగదు. పదిమందికీ పనికొచ్చేవి ఒకచోట ఉంటాయి, కావలసినప్పుడు పిలుస్తుంది."

మా వ్యాకరణంలో సూత్రకారుడు ఒకసారి చెప్పిన పదాన్ని మళ్ళీ చెప్పడు. అది వెనుకటి సూత్రం నుంచి ముందరి సూత్రాలలోకి తానే నడచి వస్తుంది. దానిని అనువృత్తి అంటాము. ఆ వెనుకటి సూత్రం తెలియనివాడికి ఈ సూత్రం సగం వాక్యమై నిలిచిపోతుంది. దోషం సూత్రానిది కాదు. ఈ మాట ఆమెతో చెప్పాను. ఆమె కలం తీసి, తన నోటు పుస్తకంలో "అనువృత్తి" అని వ్రాసుకొని, "వత్తు సరిగ్గా పెట్టేనాండీ?" అని చూపించారు. గురువు శిష్యుని మాట వ్రాసుకోవడం నేను అంతకు ముందు చూడలేదు.

తరువాత ఆమె నా చేత ఒక చిన్న ఆజ్ఞ టైపు చేయించారు. ఆ ప్రోగ్రాముకు కావలసిన ఫైళ్ళన్నీ హాజరుపట్టీలా తెర మీద వచ్చాయి. ఉన్నదాని ఎదుట అది ఉండే చోటు, లేనిదాని ఎదుట నాట్ ఫౌండ్ అన్న మాట. నాలుగు లేవు. వాటిలో మూడు లోకంలో అందరూ వాడేవి కనుక, ఇంటర్నెట్టులోని వాటి భండారం నుంచి అప్పటికప్పుడే తెప్పించారు. మిగిలినది నా మిత్రుడు స్వయంగా వ్రాసిన గణితపు ఫైలు. అది మరెక్కడా దొరకదు. పాత డబ్బాలోని డిస్కులో ఉండాలి. దానికీ తుప్పే.

"చివర ఆ అంకె ఎందుకమ్మా? పేరుంటే చాలదా?" అని అడిగాను.

"చాలదండి. ఒకే పేరుతో మార్చి మార్చి రాస్తారు. పేరు ఒకటే, లోపల మనిషి వేరు. ఈ ప్రోగ్రాంకి రెండోవాడే కావాలి."

"అది మాలో ప్రవర వంటిది," అన్నాను. పెద్దలకు నమస్కరించేటప్పుడు మేము పేరొక్కటే చెప్పము. ఏ ఋషుల వంశమో, ఏ గోత్రమో, ఏ సూత్రమో, ఏ శాఖయో చెప్పి చివరకు పేరు చెబుతాము. లేచి నిలబడి, చెవులు పట్టుకొని నా ప్రవర వినిపించాను. కింద గిడ్డంగిలో పీచు మోపులు దింపుతున్న వారు తలలెత్తి చూశారు.

వరలక్ష్మి గారు చప్పట్లు కొట్టారు. "అంటే మీ వాళ్ళకి వెర్షన్ నంబర్లు ఎప్పట్నుంచో ఉన్నాయన్నమాట! ఇక్కణ్ణించీ నేనూ ప్రవరే అంటానండి."

డిస్కు తన దగ్గర పది రోజులుండాలన్నారు. తొందరపెడితే ఉన్నది కూడా పోతుందన్నారు. నేను సరేనన్నాను. నాలుగో రోజుకే ఆ సరే కరిగిపోయింది. ప్రెస్సు వారు ఫోను మీద ఫోను చేస్తున్నారు. అప్పుడు నాకు కొత్తపేటలోని మా బావగారు జ్ఞాపకం వచ్చారు. మా అక్కయ్య భర్త, ఆయనా సిద్ధాంతియే. ఆయన గణితం పూర్వ సిద్ధాంతానిది. మాది నాన్నగారి కాలం నుంచి ఆకాశంలో కనబడే గ్రహస్థితిని అనుసరించే దృక్పద్ధతి. రెంటికీ తిథుల అంత్యకాలాలలో కొన్ని ఘడియల తేడా వస్తుంది. ఆ తేడా గురించి మేమిద్దరం నలభై ఏళ్ళుగా భోజనాల దగ్గర దెబ్బలాడుకుంటున్నాము. నా మిత్రుడు ఆయనకూ ఇటువంటి ప్రోగ్రామే చేసి ఇచ్చాడు.

బావగారు పడక కుర్చీలో నుంచి లేవకుండానే, "ఏం బావా, ఆకాశం కనబడ్డం మానేసిందా? మా ఇంటికొచ్చేవు?" అన్నారు.

"ఆకాశం బాగానే ఉంది. ఫైలు పోయింది."

"అందుకే చెప్పేను, పెద్దలు చెప్పిన లెక్కలో ఉండవోయ్ అని. తీసుకో, తీసుకో. మా ఇంటి ఫైలు మీ ఇంటి కంప్యూటర్లో చేరితే దానికైనా బుద్ధొస్తుంది."

ఆయన కంప్యూటరులో ఆ ఫైలు ఉన్నది. లిబ్ గణిత, అదే పేరు, అన్ని అక్షరాలూ అవే. చివర మాత్రం ఒకటి. నాది అడిగేది రెండు. పెన్‌డ్రైవులో వేసుకొని ఇంటికి తెచ్చాను. ఒక్క అంకెయే కదా అనుకొన్నాను. దాని పేరు చివరి ఒకటిని చెరిపి రెండు అని వ్రాశాను. చోటులో పెట్టి మీట నొక్కాను.

ప్రోగ్రాము తెరుచుకొన్నది.

ఆ నాటి నా ఆనందం చెప్పను. సంవత్సరమంతటికీ తిథి వార నక్షత్రాలు బారులు తీరి వచ్చాయి. మూడు రోజులలో మొదటి రెండు ఫారాల పుటలు ప్రెస్సుకు పంపి, విజయగర్వంతో వరలక్ష్మి గారికి ఫోను చేశాను. బావగారి దగ్గర ఫైలు దొరికిందని చెప్పాను. పేరు మార్చిన సంగతి చెప్పలేదు. మరచిపోయి కాదు.

ఆమె అడిగినది ఒక్కటే. "దాని ప్రవర అడిగేరాండీ?" అన్నారు.

"తెరుచుకున్నదమ్మా!"

"తెరుచుకుందని సంతోషపడకండి పంతులు గారూ. ఏం చెబుతుందో చూసేరా? నేను రేపు పొద్దున్న బస్సుకొస్తాను. నిరుటి పంచాంగం తీసుంచండి."

మరునాడు ఆమె మా ఇంటికి వచ్చారు. మా ఆవిడ ఇచ్చిన కాఫీ తాగి, అదే అరుగు మీద, అచ్చయి వెళ్ళిపోయిన సంవత్సరానికి లెక్క కట్టమన్నారు. కట్టాను. అచ్చు పుస్తకం తన ఒడిలో పెట్టుకొని తెర మీదిది ఒక్కొక్కటే చదవమన్నారు. వారాలు కలిశాయి. సంక్రమణాల దగ్గర కొంచెం తడబాటు. భాద్రపద అమావాస్య దగ్గరకు వచ్చేసరికి పుస్తకంలోని అంత్యకాలానికి, తెర మీది దానికి ఏడు ఘడియల తేడా.

అది మహాలయ అమావాస్య. ఏడు ఘడియలంటే కొన్ని ఇళ్ళలో పితరులకు పెట్టే రోజే మారిపోతుంది. ఆమె ఫైలు వైపు చూశారు, తరువాత నా వైపు.

"ఇది మీ బావగారింట్లో కూడా రెండేనాండీ?"

ఆ ప్రశ్నలో కోపం లేదు. అదే నాకు కష్టమైంది. "కాదమ్మా. ఒకటి. నేను దిద్దాను," అన్నాను. అందరి ముందూ చెవులు పట్టుకొని ప్రవర చెప్పినవాణ్ణి, ఒక ఫైలు ప్రవరను నా చేతితోనే మార్చివేశాను. దానిని కొంత తేలిక చేసుకోవాలని, "దత్తత చేసుకొన్నాననుకొన్నాను. దత్తతలో గోత్రం మారుతుంది గదా," అన్నాను.

"దత్తతకి హోమం ఉంటుంది కదండీ, నలుగురూ చూస్తారు. ఇది దొంగ సర్టిఫికెట్టండి." ఆ వెంటనే గొంతు తగ్గించి చెప్పారు. "లేదు అని చెప్పే యంత్రంతో భయం లేదు పంతులు గారూ. నిజం చెబుతుంది పాపం. ఉన్నానని చెప్పి వేరే లెక్క చెప్పేదానితోనే భయం."

నేను ఆశగా అడిగాను. "వెళ్ళిన రెండు ఫారాలూ ఉంచి, తేడా ఉన్నచోట చేత్తో సవరిస్తే?"

"మూడొందల అరవై రోజుల్లో మీరు ఎన్ని చూస్తారండీ? చూడనిదాన్లో ఎవరి తద్దినం ఉంటుందో మీకు తెలుసా?"

లేచి లోపలికి వెళ్ళి ప్రెస్సుకు ఫోను చేశాను. అచ్చు ఆపమన్నాను. ఎందుకని వారడిగారు. లెక్క తప్పిందని చెప్పాను. యంత్రం తప్పిందా అని అడిగారు. నేను తప్పానని చెప్పాను. మా వంశంలో ఆ మాట ప్రెస్సుతో అన్నవాణ్ణి నేనే మొదటివాణ్ణి. ఫోను పెట్టి వచ్చేసరికి వరలక్ష్మి గారు నా కోసం రెండో కాఫీ అడిగి తెప్పించి ఉంచారు.

వారం తరువాత ఆమె నుంచి పిలుపు వచ్చింది. తుప్పు పట్టిన డిస్కులో నుంచి, చదవగలిగినంత మేర ఆమె ఓపికగా వేరొకదానిలోకి ఎత్తారు. అసలైన రెండో ఫైలు అందులో ఉన్నది. అందరి ఫైళ్ళూ ఉండే చోట కాదు. నా మిత్రుడు తన పేరు పెట్టుకొన్న సంచిలో దాచి, ఆ చోటును పాత యంత్రానికి మాత్రమే చీటీ వంటి ఒక చిన్న ఫైలులో చెప్పి ఉంచాడు. దుకాణదారు ప్రోగ్రామును తెచ్చాడు గాని, ఫైలునూ తేలేదు, చీటీనీ తేలేదు.

కొత్త కంప్యూటరును మళ్ళీ ఆ మేడ మీదికి చేర్చి, నేను కుర్చీ పక్కకు జరిగాను, ఆమె కూర్చుంటారని. ఆమె కూర్చోలేదు. "తమరే చెయ్యండి."

"తప్పు పోతే?"

"పోతే మళ్ళీ చేద్దారి. అసలుది వేరేచోట దాచేనులెండి. నేను కాకినాడో ఇంకోచోటో వెళ్ళిపోతే అప్పుడెవర్ని అడుగుతారు? మీ తాతగారు గవ్వలు ఎవరిచేతైనా పేర్పించేరా?"

మొదట బావగారి ఫైలును తీసివేయించారు. అసలు ఫైలును ప్రోగ్రాము సంచిలోనే పెట్టించి, ఆ చోటు యంత్రానికి తెలిసేటట్లు ఒక పంక్తి వ్రాయించారు. హాజరుపట్టీ ఆజ్ఞ మళ్ళీ ఇప్పించారు. నాట్ ఫౌండ్ అన్న చోట ఇప్పుడు ఒక చిరునామా ఉన్నది. నేను సంతోషంతో ఆమె వైపు తిరిగేసరికి, ఆమె నా సంచిలోని పాత పంచాంగాల వైపు చూపించారు. ఒకటి కాదు, మూడు సంవత్సరాలు కట్టించారు. మహాలయ అమావాస్యలు విఘడియలతో సహా కలిశాయి. అప్పుడు గాని ఆమె, "ఆయ్, ఇప్పుడు తెరుచుకుందండి," అనలేదు.

ఆ సాయంకాలమే బావగారికి ఫోను చేసి, ఇద్దరి ఫైళ్ళకూ ఒకే పేరుండడం ప్రమాదమని, నా తప్పుతో సహా చెప్పాను. ఆయన గట్టిగా నవ్వి, "నా లెక్క నీ ఇంట్లో మూడ్రోజులు రాజ్యమేలిందన్నమాట! అది చాలు బావా నాకు," అన్నారు. అయితే ఆదివారం నాడు ఆయనే రాజోలు వచ్చి, వరలక్ష్మి గారి చేత రెండు ప్రోగ్రాములలోనూ ఆ ఫైళ్ళను ఏది ఎవరి సిద్ధాంతానిదో పేరులోనే తెలిసేటట్లు మార్పించుకొన్నారు. అది వట్టి పేరు దిద్దడం కాదు. నా మిత్రుడు వ్రాసి ఉంచిన మూలం నుంచి మళ్ళీ కట్టి, పిలిచేవాడికీ పలికేవాడికీ ఆ కొత్త పేరు తెలియజెప్పిన తరువాత చేసిన పని. దానికి ఆమె "హోమం" అని పేరు పెట్టారు.

నేను శాస్త్రాలు చదివిన గురువులు మహానుభావులు. వారు నాకు ఏ మాట సాధువో, ఏ మాట అసాధువో నేర్పారు. సాధువులా కనబడుతూ పలికేది మరొకటి కావచ్చునని, అది ఏ ఇంటిదో అడగనిదే లోపలికి రానీయకూడదని నేర్పినది వరలక్ష్మి గారు. ఈనాటికీ నా యంత్రం ఏదైనా లేదన్నప్పుడు నేను దాని మీద విసుక్కోను. ఏమన్నదో చుక్క వదలకుండా వ్రాసుకొంటాను. ఉన్నదన్నప్పుడే జాగ్రత్తపడి, పాత పుస్తకం ఒడిలో పెట్టుకొని కూర్చుంటాను. ఇతర సిద్ధాంతులు ఇద్దరు ముగ్గురు తమ చిక్కులతో నా దగ్గరకు వస్తుంటారు. ఎవరి దగ్గర నేర్చారని అడిగితే, ఆమె పేరు, ఆమె ఊరు చెప్పి, రాజోలు వైపు నమస్కారం చేసి ఆ తరువాతే యంత్రం తెరుస్తాను. వారిలో ఒకరు, "ఆవిడ వలల వాళ్ళ అమ్మాయి కదండీ?" అన్నారు ఒకసారి. "అవును, ఆ ఇంటి విద్యే మా ఇంటి పంచాంగాన్ని నిలబెట్టింది," అన్నాను. అంతటి గర్వంతో నేను నా బిరుదులను కూడా ఎన్నడూ చెప్పుకోలేదు.

శోభకృత్ నామ సంవత్సర పంచాంగం, పది రోజులు ఆలస్యముగా, శుభకృత్ నామ సంవత్సర మార్గశిర శుద్ధ దశమి నాడు అచ్చుకు వెళ్ళింది. దాని మొదటి పుటలో మా గురుపరంపర పేర్ల వరుసలో చివరిది వరలక్ష్మి గారి పేరు. ఆ మరుసటి సంవత్సరం ఆమె కాకినాడలో ఒక పాలిటెక్నిక్‌లో అధ్యాపకురాలిగా చేరారు. ఆ పంచాంగంలో తిథి తప్పిందని ఈనాటి వరకు ఏ ఇంటి నుంచీ ఉత్తరం రాలేదు.